రెండు గిన్నెల చలికాలం

హైదరాబాదు చలి నిజానికి రమ్ము అడిగేంత చలి కాదు. దానికి మనం కొంత సహకరించాలి. సాయంత్రం కాగానే మంకీ క్యాపు తగిలించుకుని, రెండు చేతులూ రుద్దుకుంటూ, "అబ్బ, ఈ ఏడు మరీ ఎక్కువగా ఉంది" అని ఇంట్లోవాళ్లకి వినపడేలా ఒక మాట అనాలి. ఆ మాట నేను ప్రతి డిసెంబరులోనూ అంటూ వచ్చాను. కోస్తా నుంచి వచ్చినవాణ్ని, చలి గురించి నా మాటకి కొంత విలువ ఉంటుందని నా నమ్మకం. మా ఆవిడకి ఆ నమ్మకం లేదు. "మీకు చలి సాయంత్రం ఆరింటికే ఎందుకు వేస్తుందండీ? పొద్దున్నే పాల ప్యాకెట్టుకి వెళ్లమంటే మాత్రం చలి అనరు, మోకాలి నొప్పి అంటారు" అంటుంది. 

మేం ఉప్పుగూడలో ఉంటాం. ప్రభుత్వాఫీసులో గుమస్తాగా చేరినప్పుడు అద్దెకి దిగిన మేడమీది వాటాలోనే రిటైరయ్యాను కూడా. ఇంటికి గాలి తక్కువ, నీళ్లు తక్కువ, డాబా మాత్రం ఉదారంగా ఉంటుంది. స్టేషన్ దగ్గరే కాబట్టి రైలు వెళ్లినప్పుడల్లా డాబా మీద గ్లాసులు కాసేపు మాట్లాడుకుంటాయి.

ఆ డాబా మీద చలికాలం సాయంత్రాల్లో ఒక కషాయం కాగేది. కాచేది మా స్నేహితుడు. ఆయన ఇల్లు మొఘల్‌పురాలో, బట్టల షాపు పత్తర్‌గట్టిలో. నేను ఉద్యోగంలో చేరిన కొత్తలో ప్యాంటు గుడ్డకని ఆ షాపుకి వెళ్తే, నేను ముచ్చటపడిన గుడ్డ నాకు నప్పదని చెప్పి అమ్మడానికి ఒప్పుకోలేదు. అమ్మడానికి కూర్చుని అమ్మను పొమ్మన్న మనిషిని నేను అదే మొదటిసారి చూడటం. అప్పటినుంచి స్నేహం. నిష్ఠ గల మనిషి. అయిదు పూటలా నమాజు. సిగరెట్టు లేదు, పాన్‌లో జర్దా కూడా లేదు. మద్యం సంగతి చెప్పనే అక్కర్లేదు, జన్మలో ఒక్క చుక్క ముట్టలేదు. పాతబస్తీ మొత్తం మీద రమ్ము కషాయం కాచడంలో ఆయన్ని మించినవాడు లేడని నేను ప్రమాణం చేసి చెప్పగలను.

ఇదెలా కుదిరిందో చెప్పాలి. ఒక చలికాలం నాకు జలుబు చేసి గొంతు మూగపోయింది. ఆయన వాళ్లమ్మగారు కాచే జోషాందా అని ఒక కషాయం పొడి తెచ్చి ఇచ్చాడు. సొంఠి, మిరియాలు, దాల్చినచెక్క, లవంగాలు, అతిమధురం వేరు, ఎండబెట్టిన సంత్రా తొక్క. తాటిబెల్లంతో మరిగించి తాగమన్నాడు. తాగాను. బాగానే ఉంది గానీ, మంచి పని ఒంటరిగా చేస్తున్నట్టు ఏదో వెలితిగా అనిపించి, అందులో ఒక మూతెడు రమ్ము పోసుకున్నాను. మర్నాటికి గొంతు వచ్చింది. వచ్చిన గొంతుతో ఊరుకోక ఆ మాట ఆయనకే చెప్పాను.

"మా అమ్మ దవాల దారు పోసినవా?" అని ఆయన నోరు తెరిచాడు. "ఏంది భాయ్ నువ్వు? సదువుకున్నోనివేనా?"

రెండు రోజులు మాట్లాడలేదు. మూడో రోజు ఫోన్ చేసి, ఉండబట్టలేక అడిగాడు. "గది పోస్తే లవంగం గొంతుల గట్టిగ కొట్టిందా, మెల్లగ కొట్టిందా?"

అదీ మొదలు. వంట తెలిసినవాడికి తన వంట పక్కింట్లో ఏ రూపం ఎత్తిందో తెలుసుకోవాలన్న కుతూహలం ఉంటుంది. అది మతానికి లొంగదు. తను తాగడు, ముట్టడు, పోయడు. కానీ రమ్ము పడితే లవంగం ఎక్కువవుతోందా, బెల్లం తగ్గించాలా, తొక్క ముందు వేయాలా చివర్లో వేయాలా అన్నవి నా మొహం చూసి కనిపెట్టేవాడు. "నీ కనుబొమ్మ లేసింది. తీపి ఎక్కువైంది" అనేవాడు. రమ్మును మంట మీద పోయకూడదని, గిన్నె దింపి, పోసి, వెంటనే మూత పెట్టాలని చెప్పింది కూడా ఆయనే. "అత్తరు గట్లనే గద. వేడి తాకితే ఎగిరిపోతది" అన్నాడు.

క్రమంగా ఒక పద్ధతి ఏర్పడింది. పొద్దుగుంకగానే చేసే మగ్రిబ్ నమాజు మా సందు చివరి మసీదులో చేసుకుని తిన్నగా మా మేడెక్కేవాడు. బొగ్గుల కుంపటి నేను రాజేసి ఉంచేవాణ్ని. పెద్ద గిన్నెలో ఆయన మరిగించి, వడకట్టేటప్పుడు రెండుగా పంచేవాడు. చిన్నది ఆయనది. ఇంటినుంచి తెచ్చుకున్న, లోపల కళాయి వేసిన వాళ్లమ్మగారి రాగి గిన్నె. పెద్దది మా స్టీలు గిన్నె. మా ఆవిడకి ఒక గ్లాసు ముందే తీసేసి, మిగిలింది నాకు. అప్పుడాయన చేతులు తుడుచుకుని, లేచి, "పతంగులు ఎట్ల ఎగురుతున్నయో జర చూసొస్త" అని పిట్టగోడ దగ్గరికి వెళ్లి మాకు వీపు పెట్టి నిలబడేవాడు.

ఆయన వీపు తిప్పిన ఆ కాసేపట్లో నేను సీసా తీసి పెద్ద గిన్నెలో పోసి, మూత పెట్టి, సీసా మళ్లీ పూలకుండీ వెనక్కి తోసేసేవాణ్ని. తర్వాత "అయింది భాయ్" అనేవాణ్ని. ఆయన తిరిగేవాడు. చీకటి పడ్డాక కూడా ఆయనకి పతంగులు కనబడేవి. పతంగుల కాలం కాని నవంబరులో కూడా కనబడేవి. "మస్తు ఎగురుతున్నయ్" అంటూ వచ్చి కూర్చుని, చిన్న గిన్నెలోది తన పింగాణీ కప్పులోకి, పెద్ద గిన్నెలోది నా గ్లాసులోకి తనే వంచేవాడు. వడ్డన ఎప్పుడూ ఆయనదే. ఇంకొకరి చేతికి గరిటె ఇచ్చేవాడు కాదు.

తాగే ముందు కప్పుని ముక్కు కింద పెట్టుకుని, కళ్లు మూసుకుని ఆవిరి పీల్చడం ఆయన అలవాటు. ఆ తర్వాత కళ్లు తెరిచి నన్ను అడిగేవాడు.

"ఎట్లుంది?"

"బ్రహ్మాండం" అనేవాణ్ని.

ఇన్నేళ్లలో ఇంకో మాట అనలేదు. నిజం చెప్పాలంటే రమ్ము పడ్డాక లవంగమూ బ్రహ్మాండమే, దాల్చినచెక్కా బ్రహ్మాండమే, రైలు కూతా బ్రహ్మాండమే. నా కనుబొమ్మలు నాకంటే నిజాయితీగా ఉండేవి గానీ, రెండో గుక్క తర్వాత అవి కూడా నాతో చేరిపోయేవి. తను ఎన్నడూ రుచి చూడలేని వంటకి నా నాలుకే ఆయనకి సాక్ష్యం. అలాంటి సాక్షిని నమ్ముకుని ఆయన ఏళ్ల తరబడి మిరియాలు సవరించుకుంటూ వచ్చాడు. రాత్రి నమాజు ఇషా వేళకి లేచి, చేతులు కడుక్కుని, అదే మసీదుకి నడిచి వెళ్లేవాడు. ఆయన అటు నుంచి అటే దేవుడి ముందు నిలబడతాడని నాకు ఎప్పుడూ గుర్తుండేది. అందుకే గిన్నెల విషయంలో మాత్రం నేను మహా శుచిగా ఉండేవాణ్ని. మా అమ్మ మడి కట్టుకున్నప్పుడు కూడా నేను అంత దూరంగా మసలలేదు.

పోయినేడాది జనవరిలో మా బావమరిది వచ్చాడు. మా ఆవిడ తమ్ముడు, ఊళ్లో వ్యాపారం. మనిషి మంచివాడే, కానీ మంచివాడని తనే చెప్పుకుంటాడు. వస్తూ వస్తూ ఎవరో దుబాయి నుంచి తెచ్చారని ఒక ఖరీదైన రమ్ము సీసా తెచ్చాడు. దాన్ని రైల్లో ఒళ్లోనే పెట్టుకుని తెచ్చానని నాలుగుసార్లు చెప్పాడు. డాబా మీద కూర్చోబెట్టి, మా స్నేహితుణ్ని పరిచయం చేశాను. ఆయన తాగరని కూడా చెప్పాను. చెప్పాననే ఇప్పటికీ నా వాదన. మా బావమరిది ఆ సమయంలో సీసా మీది అక్షరాలు చదువుతున్నాడని ఇప్పుడు గుర్తొస్తోంది.

కషాయం మరిగింది. పంపకం అయింది. స్నేహితుడు పతంగులు చూడటానికి లేచాడు. అదే క్షణానికి మా ఆవిడ కిందనుంచి పకోడీలు తీసుకుపొమ్మని కేకేసింది. "పోస్తూ ఉండు, వస్తా" అని బావమరిదితో చెప్పి నేను మెట్లు దిగాను. ఏ గిన్నెలో అని చెప్పలేదు. ముప్ఫై ఏళ్లుగా రమ్ము పెద్ద గిన్నెలోకే పోతున్నప్పుడు అది ఇంకెక్కడికైనా పోతుందని ఎవరికి తోస్తుంది?

మా బావమరిదికి తోచింది. ఆ పెద్ద గిన్నెడు నీళ్లలో అంత మంచి సరుకు పోస్తే పలచబడి పాడైపోతుంది కదా అనుకున్నాడు. పెద్దది ఆడవాళ్లకీ పిల్లలకీ కాచిన ఉత్త కషాయం అయి ఉంటుందని, నిగనిగలాడే రాగి గిన్నె అసలైనవాళ్లదని తేల్చుకున్నాడు. చిన్న గిన్నెలో పోసి, ముందు తన గ్లాసు తను నింపుకుని, మూత పెట్టి, సీసా జాగ్రత్తగా ఒళ్లో పెట్టుకున్నాడు.

నేను పకోడీల పళ్లెంతో పైకి వచ్చేసరికి స్నేహితుడు వచ్చి కూర్చుని, యథాప్రకారం చిన్న గిన్నెలోది తన కప్పులోకి, పెద్ద గిన్నెలోది నా గ్లాసులోకి వంచి ఉంచాడు. నేను కూర్చుని ఒక గుక్క తాగాను. రమ్ము లేదు. బెల్లం, సొంఠి, మిరియం స్పష్టంగా తెలుస్తున్నాయి. పోయడం మరిచిపోయాడేమోనని సీసా వైపు చూశాను. బాగా తగ్గి ఉంది. బావమరిది వైపు చూశాను. కళ్లు అరమోడ్చి, నాలుకతో చప్పరిస్తూ, "బావా, దీన్ని అంటారు కషాయమని" అన్నాడు. అప్పుడు రాగి గిన్నె వైపు చూశాను.

స్నేహితుడి కప్పు పైకి లేస్తోంది.

 ఏం చెప్పాలి? "అందులో రమ్ముంది, తాగకు" అంటే? నా ఇంట్లో, నా చుట్టం చేతుల మీదుగా, తన అమ్మ గిన్నెలో అది పడిందని ఆయనకి తెలుస్తుంది. కప్పు పెదవుల దాకా వచ్చిందని తెలుస్తుంది. ఇక జన్మలో ఏ ఇంట్లో మంచినీళ్లు తాగాలన్నా వాసన చూసుకునే తాగుతాడు. ఇంత ఆలోచన అప్పుడు చేశానని నేను అబద్ధమాడను. చేతిలో పళ్లెం వదిలేసి ఆయన మీద పడ్డాను. కప్పు ఎగిరింది. కషాయం మొత్తం ఆయన తెల్ల కుర్తా మీద, మెడ నుంచి మోకాళ్ల దాకా పడింది. పకోడీలు డాబా అంతా దొర్లాయి. నేను ఆయన ఒళ్లో బోర్లా పడి ఉన్నాను.

"కాలు జారింది" అన్నాను. కూర్చున్నవాడికి కాలు ఎలా జారుతుందో నాకు తెలియదు.

పక్క డాబా మీద బట్టలు తీస్తున్న పెద్దాయన, సందులో అందరూ బాపు అని పిలిచే ఆయన, గోడ మీదుగా ఇదంతా చూశాడు. "ఏంది సార్, గింత పెద్దమనిషివి. తాగుడు గింత మంచిది గాదు. మీద వడి కొడ్తవా దోస్తును?" అన్నాడు.

స్నేహితుడు నన్ను లేవనెత్తి కూర్చోబెట్టాడు. నా కళ్లలోకి ఒక్కసారి చూశాడు. నేను ఆ చూపులో అసహ్యం ఉందనుకున్నాను. తర్వాత తడిసిన కుర్తాని రెండు వేళ్లతో పట్టుకుని, "ఈ బట్టల మీద నమాజుకు పోరాదు. ఇంటికి పోత" అని మెట్లు దిగాడు. స్కూటరు శబ్దం సందు మలుపు తిరిగే దాకా వింటూ నిలబడ్డాను. ఇన్నేళ్లలోనూ ఆ మసీదులో ఆయన ఇషా తప్పింది లేదు. ఆ రోజు నా వల్ల తప్పింది. రాగి గిన్నె ఇక్కడే వదిలేశాడు.

తాటిచెట్టు కింద పాలు తాగినా కల్లే అంటారు. నేను ఆ రోజు తాగింది తాటిబెల్లం కషాయం ఒక గుక్క. ఇన్ని చలికాలాల్లో నిజంగా తాగిన ఒక్క సాయంత్రం కూడా నన్ను ఎవరూ ఏమీ అనలేదు. ఒక్క చుక్క నోట్లో పడని రోజున తాగుబోతునయ్యాను. మర్నాడు పాల ప్యాకెట్టుకి వెళ్తే దుకాణం ఆయన, "సార్, నిమ్మకాయ గిట్ల గావాల్నా?" అని దయగా అడిగాడు. మా బావమరిది ఊరికి వెళ్లి, బావ బాగా చెడిపోయాడని, మనుషుల మీద పడుతున్నాడని, తన కళ్లతో చూశానని చుట్టాలందరికీ చెప్పాడు. సీసాలో మిగిలింది మాత్రం వెనక్కి తీసుకెళ్లలేదు. అది అతని మంచితనం.

మా ఆవిడకి ఒక్కదానికే నిజం చెప్పాను. చాలాసేపు నవ్వింది. కొంగుతో కళ్లు తుడుచుకుని, "మీ మంచితనం తాగుబోతుతనంలా ఉంటుందని నాకు ముందే అనుమానం. వెళ్లి అన్నయ్యగారికి ఉన్నమాట చెప్పేయండి" అంది.

చెప్పలేదు. చెబితే నా పేరు బాగుపడుతుంది, ఆయన మనసు పాడవుతుంది. ఈ త్యాగం గురించి నాలో నేను చాలా గర్వపడేవాణ్ని. ఆ గర్వం రంజాను దాకా నిలిచింది.

ఏటా రంజానులో హలీమ్ డబ్బా పట్టుకుని ఆయనే వచ్చేవాడు. ఈసారి షాపులో గుడ్డలు కొలిచే పెద్దాయన తెచ్చాడు. డబ్బా ఇచ్చి, వెళ్లకుండా నిలబడి, గొంతు తగ్గించి, "సార్, మా సేఠ్ బేగం సాబ్ మీ కోసం రోజూ దువా జేస్తున్నరు. తాగుడు బందు గావాలెనని. మీరు ఫికర్ జెయ్యకుండ్రి, అల్లా కబూల్ జేస్తడు" అన్నాడు.

నాకు ఒళ్లు మండిపోయింది. ఆయన ఇంట్లో నేను తాగుతానన్న సంగతే అప్పటిదాకా తెలియదు. డాబా మీద జోషాందా తాగి వస్తున్నానని భార్యకి, అంటే మా భాభీకి, చెప్పేవాడు, అందులో తన సగం వరకు అది నిజం కూడా. ఇప్పుడు ఆయన నోటితో ఆయనే నన్ను తాగుబోతుని చేశాడన్నమాట! ఎవరి నోట్లో పడకూడదని నేను పకోడీల మీద దొర్లానో ఆ మనిషే! హలీమ్ చాలా బాగుంది. కోపంతోనే మొత్తం తిన్నాను.

అలా పండగలకి రెండు ఫోన్లు, మధ్యలో ఏమీ లేదు. ఎండలు వచ్చాయి, వానలు వచ్చాయి. రాగి గిన్నె వంటింటి అటక మీద ఉంది. ఒకనాడు దించి చింతపండు పెట్టి తోమించి, కళాయి వేసేవాణ్ని వెతుక్కుంటూ వెళ్లి లోపల కొత్తగా కళాయి పోయించాను. ఏ మతంలోనూ లేని శుద్ధి అది. ఆయన రాకపోతే గిన్నె ఎందుకని మా ఆవిడ అడగలేదు. అందుకు మాత్రం ఆవిడకి నమస్కారం పెట్టాలి.

మళ్లీ చలి వచ్చింది. నేను మంకీ క్యాపు పెట్టుకుని, చేతులు రుద్దుకుని, అనవలసిన మాట అన్నాను. డాబా మీద ఒక్కణ్నే కూర్చుని కాచుకుంటే అది ఒట్టి మిరియాల నీళ్లలా వచ్చింది. అందులో రమ్ము పోస్తే రమ్ము పోసిన మిరియాల నీళ్లయింది. ఆయన లేకుండా అది నాకు చేతకాలేదు. ఆయన మీద నాకున్న బెంగ కషాయం మీది బెంగేనని కొన్నాళ్లు నన్ను నేను మభ్యపెట్టుకున్నాను. చివరికి సిగ్గు విడిచి, ప్యాంటు గుడ్డ కావాలన్న వంకతో పత్తర్‌గట్టి వెళ్లాను.

ఆయన గల్లా దగ్గర కూర్చుని ఉన్నాడు. చూసి లేచాడు. నేను ఒక గుడ్డ చూపించాను. "గది నీకు నప్పది" అన్నాడు. ఇద్దరం కాసేపు ఆ గుడ్డ వైపే చూశాం. చాయ్ తెప్పించాడు. సగం అయ్యాక, కప్పు కింద పెట్టి, మెల్లగా అన్నాడు.

"భాయ్, ఆ దినం నువ్వు తాగలే. నాకెరుకే."

నేను ఉలిక్కిపడ్డాను. "నీకెలా తెలుసు?"

"నీ గిలాసల నేనే పోసిన గద. దాంట్ల వాసన లేదు. నా కప్పుల ఉన్నది."

"తెలిసే ఎత్తావా కప్పు?"

"ముక్కు కాడికి ఎత్తిన. నోటి కాడికి కాదు" అన్నాడు. "వాసన దొరికింది. ఇగ సోచాయిస్తున్న, దీన్ని ఎట్ల కింద పెట్టాలె, నీ బామ్మర్ది ముంగట నీ ఇజ్జత్ పోకుంట ఏం బహానా చెప్పాలె అని. మస్తు వేడిగున్నది, చల్లారనీ అందామనుకున్న. గంతల నువ్వు ఎద్దు లెక్క మీద వడ్డవు."

నా జీవితంలో నేను చేసిన ఒకే ఒక సాహసం అది. అక్కర్లేని సాహసం అని అంత తీరిగ్గా చెప్పాడు.

"మరి ఇంట్లో నేను తాగి పడ్డానని ఎందుకు చెప్పావు?" గొంతు కొంచెం పెరిగిందనుకుంటాను. గుడ్డలు కొలిచే పెద్దాయన జాలిగా చూశాడు.

"ఏం జెప్పాలె? కుర్తా అంత దారు వాసన. మీ భాభీ దర్వాజ కాడనే నిలవెట్టింది. నా కప్పుల పోసిన్రని చెప్తే, జిందగీల మల్ల నీ గడప తొక్కనియ్యది. నువ్వు తాగి నా మీద గుమ్మరిచ్చినవని చెప్పిన. తాగినోన్ని ఆమె మాఫ్ జేస్తది భాయ్. తాగిపిచ్చినోన్ని జెయ్యది."

 మా ఇంటికి రావడానికి దారి మూసుకుపోకూడదని నన్ను తాగుబోతుని చేశాడు.

"అంత చేసినవాడివి మరి రాలేదేం?"

ఆయన గుడ్డ మడత సరిచేస్తూ తల దించుకున్నాడు. "నిన్ను బద్నాం జేసినంక నీ మొకం ఎట్ల చూడాలె?" అన్నాడు. కళ్లు తడయ్యాయి. నావి కూడా. అది చాయ్ ఆవిరి అనుకోమని ఎవరినీ బతిమాలను.

తర్వాత ఇద్దరం కలిసి ఆలోచించాం. భాభీకి ఏం చెప్పాలన్నది ఆయన నిమిషంలో తేల్చేశాడు. "నీ దువా కబూల్ అయ్యింది, నా దోస్తు మానేసిండు అని చెప్త. ఆమె ఖుష్ అయితది, నేను వస్త."

"నేను మానలేదుగా!"

"గది నువ్వు చూసుకో" అన్నాడు.

ఆ వారంలోనే వచ్చాడు. చేతిలో భాభీ పంపిన ఖుబానీ మిఠాయి డబ్బా ఉంది. నేను తాగుడు మానినందుకు. మొదలెట్టింది ఎప్పుడో తెలియని తాగుడు మానినందుకు నాకు జీవితంలో దొరికిన మొదటి సన్మానం అదే. వచ్చే శుక్రవారం భాభీ స్వయంగా వచ్చి మా ఆవిడని కూడా అభినందిస్తారట. మా ఆవిడ డబ్బా అందుకుని, నా వైపు చూసి, "ఎంత కష్టపడి మానారో మాకే తెలుసు అన్నయ్యగారూ" అంది, ఒక్క కండరం కూడా కదల్చకుండా. పక్క డాబా బాపు గోడ మీదుగా తొంగి చూసి, "మంచిది సార్, గట్లనే ఉండుండ్రి" అని దీవించాడు.

కుంపటి రాజేశాను. రాగి గిన్నె ముందు పెట్టాను. ఆయన దాన్ని ఎత్తి, లోపలి కొత్త కళాయి మీద వేలు తిప్పి చూసి, కింద పెట్టాడు. కషాయం మరిగింది. అలవాటుగా రెండుగా పంచాడు. చేతులు తుడుచుకున్నాడు. లేచాడు.

"పతంగులు ఎట్ల ఎగురుతున్నయో జర చూసొస్త."

పిట్టగోడ దగ్గర నాకు వీపు పెట్టి నిలబడ్డాడు. ఆకాశంలో ఒక్క పతంగి లేదు. పూలకుండీ వెనక దుబాయి సీసా ఉంది. చెయ్యి దాని మీద వేశాను. ఎందుకు అబద్ధం, నాకు చాలా కావాలనిపించింది. భాభీ మొఘల్‌పురాలో ఉంది, బాపు లోపలికి వెళ్లిపోయాడు, ఆయన ఎప్పటిలాగే తిరగడు. ఒకావిడ ఏడాది పొడుగునా రోజూ నా కోసం చేతులు చాచి అడిగిన ప్రార్థన నెరవేరడమూ, నెరవేరకపోవడమూ ఒక సీసా మూత మీద ఆధారపడి ఉంది. దేవుడు ఇలాంటి పనులు నాలాంటివాడికి అప్పజెప్పడం న్యాయం కాదు.

ఆయన చాలాసేపు నిలబడ్డాడు. ఎప్పటికంటే ఎక్కువసేపే నిలబడ్డాడు. నేను చెయ్యి తీసేశాను.

"అయింది భాయ్."

వచ్చి కూర్చున్నాడు. తన కప్పూ నా గ్లాసూ నింపాడు. కప్పు ముక్కు కింద పెట్టుకున్నాడు. తర్వాత, ఇన్నేళ్లలో ఎన్నడూ చేయని పని, చెయ్యి చాచి నా గ్లాసు మీది ఆవిరి కూడా ఒకసారి పీల్చాడు. మొహంలో ఏ మార్పూ లేదు.

"ఎట్లుంది?" అన్నాడు.

ఒక గుక్క తాగాను. "మిరియం తక్కువైంది. దాల్చినచెక్క కొంచెం ఎక్కువ మరిగి చేదు దిగింది" అన్నాను.

ఆయన తన కప్పులోది తాగి, నాలుక మీద తిప్పుకుని, తలూపాడు. "అవు. నిజమే" అన్నాడు. ఆ వంట విషయంలో మేమిద్దరం ఒకే రుచి గురించి మాట్లాడుకోవడం అదే మొదటిసారి. ఆయన మొహం పిల్లాడి మొహంలా వెలిగింది. ఆ వెంటనే అనుమానం వచ్చింది. "గట్లంటే ఇన్నేండ్లు బ్రహ్మాండం బ్రహ్మాండం అన్నది ఝూటేనా?"

నేను పకోడీ అందించాను.

ఇషా వేళ అయింది. చేతులు కడుక్కుని, పొడి కుర్తాతో, సందు చివరి మసీదుకి నడిచి వెళ్లాడు. గిన్నెలో ఇంకో గ్లాసు కషాయం మిగిలి ఉంది. పూలకుండీ వెనక సీసా ఉంది. ఇప్పుడు పోసుకుంటే ఆయనకి తెలిసే దారి కూడా లేదు. సీసా బయటికి తీసి మూత తిప్పాను. అలవాటు కొద్దీ పిట్టగోడ వైపు చూశాను. అటు తిరిగి నిలబడటానికి అక్కడ ఎవరూ లేరు. ఒక మనిషి నా మర్యాద కోసం వీపు తిప్పి నిలబడితే తప్ప నాకు పోసుకోవడం చేతకాదని ఈ వయసులో తెలిసింది. మూత బిగించి, మిగిలిన కషాయం మా ఆవిడతో పంచుకుందామని కిందికి పట్టుకెళ్లాను.